కంచికి పంపని కథ

ఇందులో పేర్లు ఉండవు. మరిచిపోయి కాదు, అందరి పేర్లూ నాకు గుర్తే. కువైట్‌లో, సల్వా పేటలో ఒక ఇంటి గేటు ముందు తుపాకీవాడు నిలదీసినప్పుడే చెప్పని పేర్లను, ఇప్పుడు ఎవరూ అడక్కుండా కాగితం మీద ఎందుకు పెట్టాలి? ఎవరిని ఏమని పిలిచేవాళ్ళమో అదే రాస్తాను.

మాది రాయచోటి వైపు పల్లె. నేను పదో తరగతి తప్పాను, ఆ తర్వాత వానలు వరసగా తప్పాయి, ఇంకేముంది, కువైట్ విమానం ఎక్కాను. సల్వాలో ఒక కువైటీ వాళ్ళ ఇంట్లో వంటా, ఇల్లూ, పిల్లా అన్నీ నావే. అక్కడ ఇంటిపని మనుషులందరూ ఇంటావిడను మామా అని, ఇంటాయనను బాబా అనే పిలుస్తారు. నేనూ అంతే. ఇరాక్ సైన్యం వచ్చిపడిన ఆ ఆగస్టులో బాబా వైద్యానికని వేరే దేశం వెళ్ళి అక్కడే చిక్కుకుపోయాడు. ఇంట్లో మిగిలింది మామా, ఆమె ఎనిమిదేళ్ళ కూతురు, ఆమె తమ్ముడు, నేను.

ఆ పిల్లను రెండేళ్ళప్పటి నుంచి చంకనేసుకుని పెంచాను. అక్కా అని పిలవడం నేర్పాను. నేర్పకుండానే నా తెలుగు కూడా పట్టేసింది, అదీ మా రాయచోటి యాసతో. మామా తమ్ముణ్ణి పిల్ల ఖాలీ అనేది. వాళ్ళ భాషలో మేనమామను అలాగే పిలుస్తారు. ఆయన ఊళ్ళోనే మిర్కాబ్ పేటలో ఒక ఆఫీసులో గుమాస్తా, పెళ్ళి కాలేదు. నా వేరుశనగ పచ్చడిని ఖుబూజ్ రొట్టెలో పెట్టుకుని తిని, కారుతున్న కళ్ళనీళ్ళు తుడుచుకుని, ఇంకాస్త వెయ్యమనే మనిషి. పిల్లకు ఆయనంటే ప్రాణం. మేనమామ అంటే ఏ దేశంలోనైనా అంతే కాబోలు.

కథలు చెప్పడం నాకు మా అవ్వ దగ్గర అబ్బింది. అవ్వ ఈతాకు చీల్చి చాపలు అల్లుతూ చెప్పేది. వినేవాళ్ళు ఊ కొట్టాలి. ఊ ఆగిందంటే కథ ఆగుతుంది, చాప మాత్రం ఆగదు. పిల్లకూ అదే అలవాటు చేశాను. అన్నం తిన్నాక నేను చెప్పడం, అది ఊ కొట్టడం. అరబ్బు పిల్ల తెలుగు ఊ కొడుతుంటే మామా తలుపు దగ్గర నిలబడి నవ్వుకునేది.

సైన్యం వచ్చాక ఆ వేళ కాస్తా పోయింది. చీకటి పడితే దీపాలు ఆర్పేసి, చప్పుడు కూడా చెయ్యకుండా లోపలి గదిలో పడుకునేవాళ్ళం. పగలేమో పిల్ల కిటికీ ఎక్కి ట్యాంకులు చూస్తానని పేచీ. దాన్ని కిటికీ దించడానికి నా దగ్గరున్న ఉపాయం ఒక్కటే. వంటగదిలో కూచోబెట్టుకుని పట్టపగలే కథ మొదలుపెట్టాను.

ఆ కథకు విత్తనం వేసింది ఖాలీనే. వచ్చినవాళ్ళు ఫలానా వీధి, ఫలానా నంబరు ఇల్లు అని వెతుక్కుంటూ మనుషులను పట్టుకుపోతున్నారు. దాంతో ఊళ్ళోవాళ్ళు వీధి పేర్ల బోర్డులు, ఇళ్ళ నంబర్ల పలకలు పీకేయడం మొదలుపెట్టారు. ఒక మధ్యాహ్నం, సిపాయిలు కూడా నీడ వెతుక్కునే ఎండలో, ఖాలీ స్క్రూడ్రైవర్ పట్టుకుని మా గోడ మీది పలకను ఊడదీశాడు. దాన్ని నేను బియ్యం బస్తాలో దాచాను. వెలిసిన గోడ మీద పలక ఉన్న మేర మాత్రం రంగు ముదురుగా, నాలుగు మూలలా నాలుగు చిల్లులతో మిగిలింది. సాయంత్రానికల్లా వీధిలో ఇళ్ళన్నింటికీ అదే గుర్తు. అప్పుడు పిల్ల అడిగింది.

"అక్కా, నంబరు లేకుంటే ఖాలీ మన ఇంటికి ఎట్లొస్తాడు?"

జవాబు లేనప్పుడు మా అవ్వ ఏం చేసేదో నేనూ అదే చేశాను, ఒక దేశాన్ని కట్టాను.

ఏడు గుట్టల అవతల ఒక దేశం. అక్కడ దారులు వెయ్యరు, అల్లుతారు. ఒక ముసలవ్వ చాపలు అల్లినట్టు దారులు అల్లి ఇంటింటికీ మధ్య పరిచేది. ఆ దారులకు ప్రాణం ఉంది. పెళ్ళికి పోయేవాళ్ళ కాళ్ళకింద మెత్తగా ఉంటాయి, చాడీలు మోసేవాడి కాళ్ళకు గుచ్చుకుంటాయి. పక్క కొండమీద కోట కట్టుకుని ఒక మంత్రగాడు ఉన్నాడు. వాడు ఎప్పుడు కొండ దిగినా దారి గుచ్చుకునేదే. దాంతో వాడికి ఒళ్ళు మండింది. ఈ దేశంలో దారులన్నీ నా గడప దగ్గరికే రావాలి, ఎవడి ఇంటికి ఎవడు పోవాలన్నా నా కోట మీదుగానే పోవాలి అని పంతం పట్టాడు. కొండకొమ్మున నిలబడి మంత్రం చదివాడు.

దారులకు భయమేసింది. ఒక్కసారిగా అంచులు పైకి లేచాయి. దేశంలోని దారులన్నీ చాపలు చుట్టుకున్నట్టు చుట్టుకుని, ఆకాశంలోకి లేచి, గుట్టల మీదుగా ఎటో వెళ్ళిపోయాయి. బావి నుంచి వస్తున్న ఆడమనిషి బిందెతో సహా నడిబయల్లో నిలబడిపోయింది. పెళ్ళికూతురు ఒక ఇంట్లో, పెళ్ళికొడుకు ఒక ఇంట్లో. నొప్పులు పడేది ఒకచోట, మంత్రసాని ఇంకోచోట. ఇంటికీ ఇంటికీ మధ్య తెల్లటి బయలు మిగిలింది. దానిమీద కాలు పెట్టినవాళ్ళు ఎక్కడికి బయలుదేరారో మరిచిపోయేవాళ్ళు. కాసేపు అక్కడే తిరిగి, ఆ తెలుపులోకి మెల్లగా దిగబడిపోయేవాళ్ళు.

"మరి మంత్రగాడు?" అంది పిల్ల, ఊ కొట్టడం మానేసి.

"వాని దావ గూడా చుట్టుకోనిపాయ గదా! కోటలో ఒగడే కూచోనుండాడు. తాడిని తన్నేవాడుంటే వాని తల తన్నేవాడుంటాడు పాపా. నువ్వు ఊ కొట్టు."

ఆ దేశంలో ఒక రొట్టెలవాడు. వాడి అక్క ఇల్లు ఊరికి అవతలి కొసన ఉంది. అక్క పిల్లలు ఆకలితో ఉంటారని వాడు రొట్టెలు మూట కట్టుకుని గడప మీద కూచున్నాడు. అప్పుడు దారులల్లే అవ్వ కిటికీలోంచి కేకేసి చెప్పింది. పోయిన దారులు ఇక రావురా. నువ్వు ఎక్కడికి పోతున్నావో పైకి చెబుతూ నడువు. ఇళ్ళల్లో వాళ్ళు ఊ కొడితే, ఆ ఊ వినిపించినంత మేరా నేల నిన్ను మోస్తుంది. ఊ ఆగితే దిగబడతావు. రొట్టెలవాడు కాలు మోపాడు. ఈ ఇంట్లోంచి ఊ, ఆ ఇంట్లోంచి ఊ. వాడి వెనకాల, అడుగులు పడిన చోట, సన్నగా కొత్త దారి.

అలా రోజూ కొంత చెబుతున్నాను. రొట్టెలవాడు అన్నింటికంటే పెద్ద బయలు మధ్యకు వచ్చాడు. ఆ రోజే పిల్ల, కథలు రాత్రిపూట కదా చెప్పేదానివి, పగలెందుకు చెబుతున్నావు అని అడిగింది. ఉన్నమాట చెప్పి ఊరుకుంటే పోయేది. "పగులు కత చెప్పగూడదు నిజమే. పగులు చెప్తే మేనమామలు దావ తప్పుతారని మా అవ్వ అంటాండె" అని నవ్వాను. నోరా, వీపుకు తేకే అని ఊరికే అనలేదు.

ఆ వారమే ఖాలీ తిరిగి రాలేదు.

ఆయన రోజూ కారులో రొట్టెలూ మందులూ వేసుకుని, కదల్లేని ముసలివాళ్ళ ఇళ్ళకు చేర్చి వచ్చేవాడు. ఆ రోజూ అలాగే వెళ్ళాడు. కబురు తెచ్చింది కోనసీమ డ్రైవరు. పక్కింట్లో పనిచేసేవాడు, నన్ను చెల్లెమ్మా అనేవాడు. వాళ్ళ యజమాని సౌదీకి వెళ్ళిపోవడంతో బ్నీద్ అల్ గార్ పేటలో సాటివాళ్ళ గదిలో ఉంటున్నాడు.

"తనికీ కాడ కారాపి దింపేసేరు చెల్లెమ్మా. నా కళ్ళారా చూసేను. చేతులెనక్కి కట్టేసి లారీ ఎక్కించేసేరు" అన్నాడు. తర్వాత గొంతు తగ్గించాడు. "ఎల్లుండి పొద్దున్న మనోళ్ళ బస్సుంది. బాగ్దాదు మీదుగా జోర్డాను ఎల్లిపోతే అక్కణ్ణుంచి ఇమానం. మూట కట్టేసుకో."

లోపలికొచ్చి మామాకు చెప్పాను. ఆమె ఏడవలేదు, గోడ పట్టుకుని కూచుంది. ఏడ్చింది పిల్ల. ఏడుస్తూ, "పగులు కత విన్యాం, అందుకే ఖాలీ దావ తప్పినాడు" అని అరబ్బీలోనూ తెలుగులోనూ తల్లికి మొత్తం చెప్పేసింది. మామా లేచి నా ముందుకు వచ్చింది. "ఖలాస్! ఈ ఇంట్లో ఇక కథ అనే మాట వినపడకూడదు" అంది. ఆరేళ్ళలో ఆమె నా మీద గొంతెత్తడం అదే మొదలు.

నాకూ కోపం వచ్చింది. ఇప్పటికీ ఆ కోపం తప్పనుకోను. ట్యాంకులేసుకుని వచ్చినవాళ్ళను వదిలేసి మా అవ్వ మాటను పట్టుకుంటారా? చేతులు కట్టి లారీ ఎక్కించింది ఎవరో కళ్ళారా చూసినవాడు చెబుతుంటే, నేరం వంటగదిలో చెప్పిన కథదా? కానీ దుఃఖానికి కొట్టడానికి ఏదో ఒకటి కావాలి, దగ్గర్లో ఉన్నది నేను. వెళ్ళి మూట కట్టుకున్నాను. పిల్ల నా వైపు చూడలేదు, అన్నం ముట్టలేదు. గోరుచుట్టు మీద రోకటిపోటు అంటే ఏమిటో ఆ రోజు తెలిసింది.

మర్నాడు పొద్దున గేటు దబదబా మోగింది. మామా బట్టల పైన వేసుకునే నల్ల అబాయా వెతుక్కునేలోగా పిండి చేతులతో నేనే వెళ్ళాను. సిపాయిలు, వాళ్ళ ముందు ఒక అధికారి. అతను గోడ మీది నాలుగు చిల్లులకేసి చూశాడు.

"ఈ ఇంటి నంబరు ఎంత?"

"తెలీదు. నాకు లెక్కలు రావు" అన్నాను నా వచ్చీరాని అరబ్బీలో. పదో తరగతిలో నేను తప్పింది లెక్కల్లోనే కాబట్టి అది అబద్ధం కూడా కాదు.

"ఇది ఎవరి ఇల్లు?"

"మామాది."

"ఆమె పేరు?"

"మామా."

"ఆమె మొగుడి పేరు?"

"బాబా."

వెనకాల ఒక సిపాయి కిసుక్కున నవ్వాడు. అధికారి నవ్వలేదు. ఖాలీ పేరు, ఆయన తండ్రి పేరుతో సహా పలికాడు. "వాడి అక్క ఇల్లు సల్వాలో ఈ చుట్టుపక్కలే ఉంది. ఏ ఇల్లు?"

నాకు అప్పుడు వెలిగింది. మనిషి వీళ్ళ చేతుల్లోనే ఉన్నాడు. ఇల్లు ఎక్కడుందో ఆ మనిషికి తెలుసు. అయినా వీళ్ళు గేటు గేటూ తిరిగి అడుక్కుంటున్నారంటే, ఆయన చెప్పలేదు. వాళ్ళు ఏం చేసి అడిగి ఉంటారో! అయినా చెప్పలేదు. నా పచ్చడికే కళ్ళనీళ్ళు పెట్టుకునే మనిషి!

"నాకు మామా తెలుసు, బాబా తెలుసు. ఇంకెవరూ తెలీదు" అన్నాను. చెంప పగలగొట్టాడు. చెవిలో గుయ్‌మంది, కళ్ళకు చీకట్లు కమ్మాయి. గేటు పట్టుకుని నిలబడి, వాడి మొహంలోకి చూసి, మళ్ళీ "మామా" అన్నాను. వాడు ఉమ్మేసి పక్క గేటుకు వెళ్ళాడు. మాకు రెండో వైపు ఇంట్లో పనిచేసేది సింహళ అమ్మాయి. ఎవరి ఇల్లని వాడు అరుస్తుంటే, మామాది అని ఆ అమ్మాయి చెప్పడం గోడ ఇవతలికి వినిపించింది. ఆ వీధి పొడుగునా అదే జవాబు. తుపాకులన్నీ ఉండి ఒక్క పేరు రాబట్టలేకపోయారు మా పనిమనుషుల నోటి నుంచి.

వెనక్కి తిరిగేసరికి మెట్ల మీద పిల్ల. అంతా చూసింది, అంతా విన్నది. వంటగదిలోకి నా వెనకాలే వచ్చి, వాచిన చెంప మీద చెయ్యి పెట్టింది.

"నొప్పా అక్కా?"

"నొప్పే. నా మాట విను పాపా. మీ ఖాలీ దావ తప్పలేదు. దావ చెప్పలేదు. తేడా తెలుస్తాందా? ఆయప్ప నోరు తెరిచింటే వీళ్ళు నేరుగా మన గేటుకే వస్తాండ్రి. మన ఇంటి దావ చుట్టి గుండెకాయలో పెట్టుకోనుండాడు."

పిల్ల నేల మీద చతికిలబడింది.

"రొట్టెలాయప్ప ఇంగా ఆ బయట్లోనే ఉండాడా?"

"ఆడే ఉండాడు. ఊ ఆగిపోయింది గదా, మోకాళ్ళకాడికి దిగబడినాడు."

"మరి పగులు గదా అక్కా?"

"పగులే! పట్టపగులే చెప్తా, ఎవురేం జేస్తారో చూస్తా. మా అవ్వ మాట మా ఊర్లో చెల్లుతాది. ఈడ నా మాట. నువ్వు కొడతావా లేదా?"

ఊ కొట్టింది. మొదట సన్నగా, తర్వాత గట్టిగా. రొట్టెలవాడి మోకాళ్ళు బయటికొచ్చాయి, పాదాలు బయటికొచ్చాయి, మళ్ళీ నడిచాడు. తలుపు దగ్గర అలికిడైతే చూశాను. కథ అనే మాటే వినపడకూడదన్న మామా నిలబడి ఉంది. లోపలికొచ్చి, నేల మీద పిల్ల పక్కన కూచుంది. ఆమెకు నా తెలుగు ఒక్క ముక్క తెలియదు. పిల్ల ఊ అన్న చోటల్లా తనూ ఊ అంది.

మరుసటి పొద్దున డ్రైవరు వచ్చాడు. నా చేతిలో మూట లేకపోవడం చూసి ఏమైందన్నాడు. పిల్లకు చెప్పే కథ మధ్యలో ఉంది, రాలేనన్నాను. నెత్తి కొట్టుకున్నాడు.

"కత కోసం పేణాలు వొదులుకుంటావా చెల్లెమ్మా? మనకెందుకొచ్చిన గొడవ ఇది?"

"రెండు ప్రాణులు ఊ కొడతాండారన్నా. నేను పోతే ఒగడు నడిమద్దెలో దిగబడతాడు. నువ్వు పో. బాగుండానని మా అమ్మకు చెప్పు."

పిచ్చిదాన్ని చూసినట్టు చూశాడు. అయినా మాట తప్పలేదు. కోనసీమ నుంచి రాయచోటి దాకా బస్సులు మారి వెళ్ళి, మా అమ్మకు కబురు చెప్పి వచ్చాడని తర్వాత తెలిసింది. ఇలాంటి దారులు ఏ మంత్రగాడికీ చుట్టడం చేతకాదు.

చలికాలం వచ్చింది. రొట్టెలు తగ్గాయి, నీళ్ళు తగ్గాయి, తర్వాత బాంబులు వచ్చాయి. కథ మాత్రం ఏ పగలూ ఆపలేదు. చివరికి ఒకరోజు, వచ్చినవాళ్ళు వెళ్ళిపోయారు. పోతూ పోతూ నూనె బావులకు నిప్పు పెట్టారు. మిట్టమధ్యాహ్నం కూడా ఆకాశం మసిబట్టిన కుండలా నల్లగా ఉండేది, కార్లు దీపాలు వేసుకుని తిరిగేవి. పిల్ల కిటికీలోంచి చూసి, "ఇప్పుడు పగులే లేదు గదా అక్కా, ఇంగ మీ అవ్వ గూడా ఏమనలేదు" అంది. ఆ పొగలో, అన్ని నెలల తర్వాత, ముగ్గురం కలిసి నవ్వాం.

మామా బియ్యం బస్తాలో చెయ్యి పెట్టి పలక తీసింది. వీధిలో అందరికంటే ముందు మా గోడకే నంబరు ఎక్కింది. స్క్రూలు ఆమే బిగించింది, గోడ మీది మసి కొంగుతో నేనే తుడిచాను. పట్టుకుపోయినవాళ్ళను విడిపిస్తున్నారని, బస్రా వైపు నుంచి కొందరు కాలినడకనే వస్తున్నారని చెప్పుకున్నారు. వచ్చారు కూడా. మా వీధిలోకే ఒకాయన గడ్డం పెరిగి, కాళ్ళకు గుడ్డలు చుట్టుకుని వచ్చాడు. రోజూ గేటు తెరిచి పెట్టి కూచున్నాం.

ఖాలీ రాలేదు.

నెలలు గడిచాయి. బాబా తిరిగొచ్చాడు, బడులు తెరిచారు. బంధువుల ఆడవాళ్ళు వచ్చి మామాకు హితబోధలు మొదలుపెట్టారు. ఎన్నాళ్ళని ఎదురుచూస్తావు, ఇక మనసు రాయి చేసుకోవాలి అని. ఒకరోజు వాళ్ళు వెళ్ళాక మామా వంటగదిలోకి వచ్చింది. "ఆ కథ ముగించేయ్. వాడు చేరాడనో చేరలేదనో ఏదో ఒకటి చెప్పేయ్. పిల్లకు ఆశ తెగిపోవాలి" అంది. ఆమె గొంతులో కోపం లేదు, అలసిపోయింది.

మా వైపు ఏ కథైనా చివర్లో కథ కంచికి, మనం ఇంటికి అంటారు. ఆ మాట అన్నారంటే కథ అయిపోయినట్టే. కథ కంచికి వెళ్ళిపోతుంది, విన్నవాళ్ళు లేచి ఇళ్ళకు పోతారు. ఆ సంగతి మామాకు నా అరబ్బీలోనే వివరించి చెప్పాను. "అందరూ ఇంటికి చేరినాకే ఆ మాట అనాల మామా. మనోడు ఒగడు ఇంటికి రాలేదు. నేననను. మీరు పనిలోంచి తీసేసినా అనను" అన్నాను.

మామా నన్ను పనిలోంచి తీసెయ్యలేదు. పీట లాక్కుని కూచుని, "యల్లా, ఇక కానీ, చెప్పు" అంది.

నేను ఇంటికి వచ్చేసి చాలా ఏళ్ళయింది. పిల్ల ఇప్పుడు ఒక బిడ్డకు తల్లి. అప్పుడప్పుడూ ఫోన్ చేస్తుంది, మాకు మధ్యాహ్నం, ఎండ మండిపోయే వేళ. వసారాలో కూచుని మాట్లాడుతుంటే మా చెల్లెలు పట్టపగులు కతలేందని విసుక్కుంటుంది. విసుక్కోనీ. మొన్నా ఫోన్ చేసింది. రాయచోటి యాస ఏమాత్రం చెదరలేదు.

"అక్కా, కత కంచికి పాయనా?"

"పోలేదు పాపా. మీ ఖాలీ ఇంటికి రానీ, అప్పుడు పంపిద్దాం."

"అయితే చెప్పు."

రొట్టెలవాడు బయలు మధ్యలో ఏ ఇంటి ముందు ఉన్నాడో గుర్తు తెచ్చుకుని అందుకున్నాను. అటునుంచి మూడు ఊలు వినిపించాయి. ఒకటి పిల్లది, ఒకటి దాని బిడ్డది, ఒకటి ముసలిదైపోయిన మామాది.